మూకీకి మా ఇద్దరి మాటలు

మా అమ్మాయి ఆ హాలుకి వెళ్లడం మొదలుపెట్టింది వాలంటీర్ గంటల కోసం. ఒంటారియోలో హైస్కూల్ డిప్లొమా చేతికి రావాలంటే పిల్లలు కొన్ని గంటలు ఎక్కడైనా ఊరికే పనిచేసి చూపించాలి. మిగతా పిల్లలు లైబ్రరీల్లోనో, ముసలివాళ్ల హోముల్లోనో ఎప్పుడో చేరిపోయారు. మాది ఆఖరి ఏడాది దాకా వాయిదా వేసి, చివరికి వాటర్లూలో తన స్కూల్ దగ్గర ఉన్న ఒక చిన్న సినిమా హాలు చూసుకుంది. అది ఒకప్పుడు చర్చి. బెంచీలు తీసేసి కుర్చీలు వేశారు. ఆదివారం మధ్యాహ్నాలు పాత సినిమాలు ఆడిస్తారు. టికెట్లు చింపడం, పాప్‌కార్న్ అమ్మడం, ఆట అయ్యాక కుర్చీల కింద ఊడవడం దీని పని. ఇంట్లో తిన్న కంచం తీయని పిల్ల అక్కడ చీపురు పట్టుకుందంటే నాకు నమ్మకం కలగలేదు.

అప్పటికి మేం కెనడా వచ్చి రెండేళ్లు కావస్తోంది. వచ్చింది నా స్టడీ పర్మిట్ మీద. నలభై దాటాక నేను ఒక కాలేజీలో సప్లై చైన్ డిప్లొమాకి చేరాను. తల్లి చదువుతుంటే పిల్లకి స్కూలు ఫ్రీ అని హైదరాబాద్‌లో కన్సల్టెన్సీ అతను చెప్పాడు. అతను చెప్పినవాటిలో అదొకటి నిజమైంది. ఆ రోజుల్లో వాటర్లూలో బస్సెక్కితే వెనక సీట్లలోంచి తెలుగు వినబడకపోతే ఆశ్చర్యపోవాలి. కాలేజీలు కొత్తవాళ్లని చేర్చుకునే ప్రతి ఇన్‌టేక్‌కీ మనవాళ్లు దిగుతూనే ఉండేవారు. ఒక్కో బేస్‌మెంట్‌లో నలుగురైదుగురు, బయట వరండాలో బూట్ల కుప్ప. మేం అద్దెకున్న ఇంట్లో పైన గదిలో మేమిద్దరం, కింద వరంగల్ అమ్మాయి ఒకతె, అనంతపురం అమ్మాయి ఒకతె. ఇద్దరూ నా క్లాస్‌మేట్సే. నన్నేమని పిలవాలో తెలియక కొన్నాళ్లు ఏమీ పిలవలేదు. తర్వాత ఇంట్లో ఆంటీ అనీ, క్లాసులో మేడం అనీ ఖాయం చేసుకున్నారు. గ్రూప్ ప్రాజెక్టుల్లో నా స్లైడ్లు కూడా వాళ్లే చేసిపెట్టేవారు. నేను పప్పు, పులుసు ఎక్కువ వండేదాన్ని. ఎవరూ మాట్లాడుకోలేదు, అలా కుదిరిపోయింది.

హైదరాబాద్‌లో నేను డబ్బింగ్ ఆర్టిస్టుని. హిందీ సీరియళ్లు తెలుగులోకి తెచ్చి వేసిన కాలంలో అమ్మ పాత్ర వస్తే చాలు, నాకు ఫోనొచ్చేది. నాకంటే పదేళ్లు పెద్దవాళ్లకీ, కొన్నిసార్లు నాకంటే చిన్నవాళ్లకీ గొంతిచ్చాను. ఏడుపు, ఎక్కిళ్లు, కోడలి మీద కోపం, కొడుకుని చూసి కరిగిపోవడం, ఇవన్నీ రోజుకి రెండు మూడు ఎపిసోడ్ల చొప్పున చేసేసి ఇంటికొచ్చి గొంతు కాపుకోవడానికి మాట్లాడకుండా కూర్చునేదాన్ని. తర్వాత ఆ సీరియళ్లు తగ్గాయి, ఉన్నవాటికి కొత్త గొంతులు వచ్చాయి. ఇంట్లో మా పెళ్లి కూడా అదే సమయంలో ముగిసింది. పెద్ద గొడవలేం జరగలేదు. ఆయన మియాపూర్‌లో ఫ్లాట్ తీసుకుని వెళ్లిపోయారు, నేను కెనడాకి అప్లై చేశాను.

మా అమ్మాయి అప్పుడేమీ అనలేదు. ఇక్కడికొచ్చాక తెలుగు మాట్లాడడం మానేసింది, అంతే. నేను తెలుగులో అడిగితే ఇంగ్లీషులో జవాబు వచ్చేది. హైదరాబాద్‌లో పదిహేనేళ్లు పెరిగిన పిల్లకి భాష రాక కాదు. కింది అమ్మాయిలతో కూడా ఇంగ్లీషే. నేను సాయంత్రం షిఫ్ట్‌కి రొట్టెల ఫ్యాక్టరీకి బయల్దేరే వేళకి అది స్కూల్ నుంచి వచ్చేది. గుమ్మం దగ్గర ఎదురుపడేవాళ్లం.

"అన్నం కుక్కర్‌లో ఉంది."

"ఓకే."

ఆ రెండు ముక్కలతో గడిచిపోయిన రోజులు చాలా ఉన్నాయి.

జనవరిలో ఒక శనివారం నేను బట్టలు మడతపెడుతుంటే వచ్చి మంచం అంచున కూర్చుంది. హాలు నడిపే ఆవిడ నన్నొకసారి రమ్మంటోందని చెప్పింది.

"ఎందుకు? ఏం చేశావ్?"

ఏమీ చేయలేదట. వాళ్ల దగ్గర ఒక పాత మూకీ సినిమా ఉందట. దానికి ఊళ్లో వాళ్ల భాషల్లో మాటలు చెప్పించాలని ఆవిడ ఆలోచన. నేను ఆ పని చేసేదాన్నని ఇది చెప్పిందట.

నా పని గురించి మా అమ్మాయి ఎవరికైనా చెప్పడం నేను వినడం అదే మొదటిసారి. చిన్నప్పుడు స్కూల్లో టీచర్ అడిగితే కూడా 'మా అమ్మ ఆఫీసుకెళ్తుంది' అనే చెప్పేది.

మర్నాడు వెళ్లాను. హాలు నడిపే ఆవిడకి డెబ్బై దాటి ఉంటాయి. స్కూల్లో సంగీతం టీచరుగా చేసి రిటైరైంది. పాత సినిమాలు ఆడేటప్పుడు తెర పక్కన కూర్చుని పియానో వాయించేది ఆవిడే. మా అమ్మాయి ఆవిడని పేరు పెట్టి పిలిచేది. నాకు నోరు రాలేదు, మేడం అన్నాను. ఆవిడ నవ్వి ఊరుకుంది.

ఆ సినిమా సంగతి ఆవిడ చెప్పింది. ఎవరిదో పాత ఫామ్‌హౌస్ ఖాళీ చేస్తుంటే అటక మీద రేకు డబ్బాలో ఒకే ఒక్క రీలు దొరికింది. తీసినవాళ్లు ఎవరో తెలియదు. నటించినవాళ్లు ఎవరో తెలియదు. మూకీల్లో మధ్యమధ్య మాటలు రాసిన అట్టలు వస్తాయి కదా, ఇందులో అవి లేవు. ఎవరో కత్తిరించేశారో, అసలు పెట్టనే లేదో. అందుకని నాలుగు జట్లని పిలిచింది. పోర్చుగీసు, పంజాబీ, ఈ చుట్టుపక్కల పొలాల్లో ఉండే పాత జర్మన్ కుటుంబాల భాష, తెలుగు. ఒకే సినిమా నాలుగుసార్లు ఆడుతుంది. ఎవరికి ఏమర్థమైతే ఆ మాటలు వాళ్లు తెర పక్కన నిలబడి చెప్పాలి.

"మీకేమనిపిస్తే అది రాసుకోండి. తప్పని చెప్పేవాళ్లు ఎవరూ మిగల్లేదు" అంది ఆవిడ.

మా ఇద్దరికే వేసి చూపించింది. పావుగంట కూడా లేదు. మంచు మధ్యలో ఒక చెక్క ఇల్లు. లోపల తల్లి పిండి పిసుకుతూ ఉంటుంది. కూతురు కట్టెలు తెచ్చి పొయ్యి పక్కన పడేస్తుంది. కిటికీలోంచి దూరంగా రైలు పోతుంది, కూతురు చూస్తుంది, తల్లి కూతుర్ని చూస్తుంది. తర్వాత కూతురు అద్దం ముందు టోపీ పెట్టుకుని తీసేసి మళ్లీ పెట్టుకుంటుంది. తల్లి గుమ్మంలో నిలబడి అదంతా గమనిస్తుంది. ఆపైన పెట్టె బయటికొస్తుంది. కూతురు కోటు తొడుక్కుంటుంది. తల్లి తన కోటు కూడా తెచ్చి ఆ కోటు మీద తొడుగుతుంది. కూతురు ఏదో అంటుంది. తల్లి నవ్వుతుంది. చిరునవ్వు కాదు, పొట్ట పట్టుకుని వంగిపోయే నవ్వు. నవ్వు ఆగాక తల్లి చాలాసేపు మాట్లాడుతుంది. కూతురు తలుపు తీసి, వెనక్కి తిరిగి ఒక్క మాట అని వెళ్లిపోతుంది. తల్లి బల్ల దగ్గరికొచ్చి, కూతురు సగం తిని వదిలేసిన రొట్టె ముక్క తీసుకుని నిలబడే తింటుంది. అక్కడ రీలు అయిపోయింది.

ఆ కూతురు ఎక్కడికి పోతోందో ఎక్కడా లేదు.

ఇంటికొచ్చాక ఆవిడ నా ఫోన్‌కి పంపిన ఆ సినిమా వీడియో కింది అమ్మాయిలకి చూపించాను. వరంగల్ అమ్మాయి వెంటనే తేల్చేసింది.

"లవ్ మ్యారేజ్ ఆంటీ. ఆ పోరడు రైల్వే స్టేషన్ కాడ నిలబడి ఉంటడు. తల్లికి ముందే తెల్సు."

"లేదు లేదు, ఉద్యోగం" అంది అనంతపురం అమ్మాయి. "ప్రేమైతే తల్లి అంత నవ్వుతుందా? మా అమ్మయితే కోటు కాదు, చెప్పు తీసుకుని వచ్చేది."

మా అమ్మాయి ఫోన్ తన చేతిలోకి తీసుకుని, కోటు తొడిగే చోటుని వెనక్కీ ముందుకీ జరిపి చూసింది.

నేను డైలాగులు రాశాను. ఎంత కాదన్నా పదిహేనేళ్ల అలవాటు. పెదాలు కలిసేచోట ప, బ, మ లాంటి అక్షరం పడాలి. నోరు పూర్తిగా తెరుచుకున్నచోట దీర్ఘం పడాలి. ఇవి సరిచూసుకుంటూ ఒక వారం రాశాను, లంచ్ బ్రేక్‌లో కూడా. శనివారం పొద్దున వంటింటి బల్ల దగ్గర కూర్చుని మా అమ్మాయికి చదివి వినిపించాను. తల్లి మాటలు నావి, కూతురి మాటలు దానివి. నవ్వు తర్వాత వచ్చే పెద్ద డైలాగు నాకు బాగా కుదిరిందనిపించింది. 'తల్లీ, నా రెక్కలు ముక్కలు చేసుకుని నిన్ను పెంచానే' అని మొదలవుతుంది.

మా అమ్మాయి అది వింటూ తల బల్లకి ఆనించింది. తర్వాత తల ఎత్తి, తెలుగులో అంది:

"ఏ అమ్మా ఇలా మాట్లాడదు."

నేను ఆ మాట కంటే ముందు ఆ తెలుగుని విన్నాను. ఏమీ గమనించనట్టే ఉన్నాను.

"ఎందుకు మాట్లాడదు?"

"సీరియల్లో అమ్మ మాట్లాడుతుంది. నువ్వెప్పుడైనా నన్ను తల్లీ అన్నావా?"

"మరేమన్నాను?"

"ఏమే అంటావ్. చెవులు కప్పుకో అంటావ్. తడి తలతో బయటికి పోకు అంటావ్. ఎప్పుడూ ఇవే."

 మళ్లీ తనే అంది. "చిన్నప్పుడు అమ్మమ్మ వాళ్లింట్లో టీవీ పెట్టేవాళ్లు. టీవీలో నువ్వు ఎవరెవరినో తల్లీ, బంగారం, నా ప్రాణం అనేదానివి. సాయంత్రం వచ్చి నాతో సైగలు చేసేదానివి."

గొంతు కాపుకోవడానికి అన్నాను. తెలుసు అంది. కోపంగా ఏమీ లేదు. చూసిన సంగతి చెప్పినట్టు చెప్పింది. పెన్ను తీసుకుని నా పెద్ద డైలాగు మీద అడ్డంగా గీత కొట్టింది. అక్కడి నుంచి తల్లి మాటలు అది రాసింది, కూతురి మాటలు నేను రాశాను. పెదాల లెక్క మాత్రం ఇద్దరికీ నేనే చూశాను.

ఎటూ తేలనిది ఆ నవ్వు. డబ్బింగ్‌లో ఏడుపు తేలిక, నవ్వు కష్టం. ఎందుకు నవ్వుతోందో తెలియకపోతే ఎంత నవ్వినా దొంగ నవ్వని తెలిసిపోతుంది. ఆ పిల్ల రెండు కోట్లలో నిలబడి ఏమంది? మేం రాసినవేవీ అంత నవ్వు తెప్పించేవి కావు. రెండు శనివారాలు అలాగే పోయాయి.

మూడోసారి మా అమ్మాయికి తట్టింది. "అమ్మా, మనం ఎయిర్‌పోర్ట్‌కి బయల్దేరిన రోజు గుర్తుందా?"

గుర్తుంది. హైదరాబాద్‌లో మే నెల. సూట్‌కేసు బరువు ఎక్కువైందని నేను రెండు స్వెట్టర్లు, వాటి మీద జాకెట్, దాని మీద రెయిన్‌కోట్ తొడుక్కుని క్యాబ్ కోసం నిలబడ్డాను. చెమటలు కారిపోతున్నాయి. చేతులు కిందికి దిగడం లేదు. ఉదయం నుంచీ నోరు విప్పని పిల్ల నన్ను పైనుంచి కిందిదాకా చూసి, 'బీరువాలా ఉన్నావే అమ్మా' అంది. ఫుట్‌పాత్ మీద సూట్‌కేసు పట్టుకుని నవ్వాను. అదీ నవ్వింది. క్యాబ్ డ్రైవర్ దిగి వచ్చి ఏమైందని అడిగాడు.

వీడియో పెట్టి చూశాం. తెర మీద పిల్ల పెదాలు మొదట కలిశాయి. బ. తర్వాత పళ్లు కనబడేలా సాగాయి. బీ.

"బీరువాలా ఉన్నానే అమ్మా" అంది మా అమ్మాయి, సరిగ్గా ఆ నోటి మీద. కింది నుంచి అనంతపురం అమ్మాయి ఏమైందని అడిగేంత గట్టిగా నవ్వాం.

ఇక మిగిలింది గుమ్మం దగ్గర మాట. నేను 'వెళ్లొస్తా' అని రాశాను. అది కొట్టేసి 'వెళ్తున్నా' అని రాసింది.

"గుమ్మంలో నిలబడి వెళ్తున్నా అనకూడదే. వెళ్లొస్తా అనాలి."

"ఆ అమ్మాయి వస్తుందని ఎక్కడుంది?"

"రాదని ఎక్కడుంది?"

"అది వెళ్తోంది. అదే చెప్తోంది. అబద్ధం ఎందుకు చెప్పాలి?"

పెదాల లెక్కన రెండూ సరిపోతాయి. మొదలు ఒకటే, కింది పెదవి పంటి కిందికి పోవాలి. చివర రెండింటికీ నోరు తెరుచుకోవాలి. అందుకని లెక్క చూపించి గెలిచే అవకాశం నాకు లేకపోయింది. నా డైలాగు కాబట్టి నేను రాసిందే ఉండాలన్నాను. చెప్పేది నేను కదా అంది. వెళ్లొస్తా అనే చెప్పు, ఇంకేం మాట్లాడకు అన్నాను. భుజాలు ఎగరేసింది.

ఆట ఆదివారం అనగా, స్కూలు మార్చి సెలవుల్లో, గురువారం మధ్యాహ్నం హాల్లో పియానోతో కలిపి రిహార్సల్ చేశాం. బాగా వచ్చింది. పియానో ఆవిడకి ఒక్క మాట అర్థం కాకపోయినా బీరువా దగ్గర మాతో నవ్వింది. తిరిగి వచ్చేటప్పుడు సిటీ ట్రెయిన్‌లో కిటికీ పక్క సీటు దొరికింది. ఎండ బాగా ఉంది, రోడ్డు పక్క మంచు నల్లబడి కరుగుతోంది. మా అమ్మాయి బయటికి చూస్తూ అంది:

"నేను ట్వెల్త్ అవగానే హైదరాబాద్ వెళ్తానమ్మా. డిగ్రీ అక్కడే చేస్తాను."

"ఎక్కడ ఉంటావ్?"

"నాన్న దగ్గర."

"నాన్న రమ్మన్నారా?"

"నేనే అడిగాను. సరేనన్నారు."

"ఎప్పుడడిగావ్?"

"దీపావళి అప్పుడు."

అంటే నాలుగైదు నెలలుగా దానికి తెలుసు. ఆ నాలుగైదు నెలలూ నేను ఇక్కడి కాలేజీల వెబ్‌సైట్లు తెరిచి దానికి పంపిస్తూనే ఉన్నాను. అన్నిటికీ బొటనవేలు బొమ్మ పెట్టేది.

"ఇక్కడ నీకేం తక్కువైంది?" అని అడిగాను. అడిగాక అది సీరియల్ మాటలా వినబడింది.

"తక్కువేం కాలేదు. ఇక్కడ ఏం చేసినా నీ పర్మిట్, నీ స్టేటస్, నీ డేట్లు. నేను ఎక్కడ ఉండాలో నేను ఒకసారి చూసుకుంటాను." బ్యాగు ఒళ్లోకి లాక్కుని, "నువ్వు కూడా వచ్చేయమని అనడం లేదు. నీకు ఇక్కడ బాగుంది" అంది.

నాకు ఇక్కడ బాగుందని అంతవరకు ఎవరూ చెప్పలేదు, నేనూ అనుకోలేదు. ఆలోచిస్తే నిజమే. ఫ్యాక్టరీలో లైన్ ఆగినప్పుడు పక్కనున్న ఫిలిప్పీన్స్ ఆవిడతో కబుర్లు, క్లాసులో నా సగం వయసు పిల్లల మధ్య కూర్చోవడం, మంచులో నడవడం కూడా నాకు నచ్చుతున్నాయి. ఎవరి నోటికీ నా గొంతు అప్పు ఇవ్వనక్కర్లేదు. మా స్టాప్ వచ్చింది. దిగి ఇంటికి వెళ్లాం. నేను షిఫ్ట్‌కి వెళ్లాను.

శుక్ర, శనివారాల్లో ఆ మాట మళ్లీ రాలేదు. డైలాగులు ఒకసారి చెప్పుకున్నాం.

ఆదివారం హాలు నిండింది. మనవాళ్లే రెండు మూడు వరుసలు. వరంగల్ అమ్మాయి మా క్లాసు మొత్తాన్ని తోలుకొచ్చింది. మొదట పోర్చుగీసు తల్లీకూతుళ్లు వచ్చారు. వాళ్ల సినిమాలో తల్లికి జబ్బని నాకు అర్థమైంది. పంజాబీ జట్టులో అత్తాకోడళ్లు తల్లీకూతుళ్లుగా చెప్పారు. వాళ్ల గుమ్మం దగ్గర మాటకి వెనక నుంచి ఎవరో ముక్కు చీదారు. జర్మన్ మాట్లాడే ముసలాయన ఒక్కడే రెండు గొంతులూ చెప్పాడు, అది కూడా కదలకుండా, వార్తలు చదివినట్టు. మూడుసార్లు అదే రొట్టె, అదే రైలు, అదే టోపీ. ఎన్నిసార్లు చూసినా ఆ పిల్ల వెళ్లిపోయింది.

చివర మేం. తెరకి ఎడమ పక్క రెండు మైకులు. నేను ఏ స్టూడియోలోనూ భయపడలేదు, అక్కడా భయం వేయలేదు. కట్టెలు, రైలు, టోపీ అన్నీ వేటి సమయానికి అవి పడ్డాయి. టోపీ దగ్గర మనవాళ్ల వరుసలు నవ్వాయి. కోటు వచ్చింది. రెండో కోటు వచ్చింది.

"బీరువాలా ఉన్నానే అమ్మా" అంది మా అమ్మాయి.

నేను నవ్వాను. మంచి నవ్వు అది. నా పని నాకు తెలుసు కాబట్టి చెప్తున్నాను, అన్నేళ్లలో అలాంటి నవ్వు నేను రికార్డింగ్‌కి ఇవ్వలేదు. తెర మీద ఆవిడ వంగినప్పుడు వంగింది, లేచినప్పుడు లేచింది. ఆవిడ నవ్వు ఆపి మాట్లాడడానికి నోరు తెరిచింది. నా తర్వాతి మాట 'ఏమే, చెవులు కప్పుకో.'

మాట రాలేదు. ఏడుపు కాదు, గొంతు పట్టేయడం కాదు. ఊపిరి తీసుకున్నాను, అది ఊపిరిగానే ఉండిపోయింది. స్టూడియోలో అయితే గాజు అవతల నుంచి 'ఇంకో టేక్ అమ్మా' అంటారు. ఇక్కడ రీలు ఆగదు. ఆవిడ పెదాలు కదిలిపోతున్నాయి.

"ఏమే, చెవులు కప్పుకో" అని వినబడింది. నా గొంతే. కొంచెం బొంగురు, చివర పైకి లాగడం, అన్నీ నావే. "తడి తలతో బయటికి పోకు. ఎవరేది పెట్టినా ఉప్పు తక్కువైందని అనకు, తిను. నా గురించి ఆలోచించకు, నాకిక్కడ పని ఉంది."

చెప్తోంది మా అమ్మాయి. మైకు దగ్గరికి వంగి, కళ్లు తెర మీద పెట్టి, ఒక్క పెదవి తప్పకుండా చెప్తోంది. ఇన్నేళ్లు టీవీలోనో, గుమ్మం దగ్గరో విన్న గొంతుని ఎప్పుడు నేర్చుకుందో నాకు తెలియదు. మనవాళ్ల వరుసల్లో ఎవరికీ తేడా తెలియలేదని తర్వాత అన్నారు. ఆఖరి మాట, పని ఉంది అన్నది, మేం రాసుకున్న దాంట్లో లేదు.

తెర మీద కూతురు తలుపు వైపు నడిచింది. మా అమ్మాయి నా వైపు చూసింది. దాని గొంతు ఇప్పుడు తల్లికి పోయింది కాబట్టి కూతురు నేనే. తలుపు తెరుచుకుంది, తెల్లటి వెలుతురు పడింది, ఆ పిల్ల వెనక్కి తిరిగింది, కింది పెదవి పంటి కిందికి పోయింది.

"వెళ్తున్నా" అన్నాను.

తర్వాత రొట్టె ముక్క. దానికి మాటల్లేవు, పియానో ఒక్కటే.

చప్పట్లు కొట్టారు. పియానో ఆవిడ లేచి వచ్చి మా ఇద్దరి చేతులూ పట్టుకుంది. మధ్యలో గొంతులు మార్చుకోవాలన్న ఆలోచన ఎవరిదని అడిగింది. మా అమ్మాయి నా వైపు చూసి, మా అమ్మదే అంది. నేను కాదనలేదు. జనం వెళ్లాక అది చీపురు తెచ్చింది. ఆ రోజు నేనూ ఒక చీపురు తీసుకున్నాను. కుర్చీల కింద పాప్‌కార్న్ చాలా పడి ఉంది.

ఏప్రిల్‌లో నా డిప్లొమా అయిపోయింది. వర్క్ పర్మిట్‌కి అప్లై చేశాను. జూన్‌లో దాని గ్రాడ్యుయేషన్ జరిగింది. గౌను కాస్త పొట్టయింది. జులైలో టొరంటో ఎయిర్‌పోర్ట్‌కి కింది అమ్మాయిల స్నేహితుడొకతను మమ్మల్ని కారులో తీసుకెళ్లాడు. సెక్యూరిటీ లైన్ దగ్గర ఇద్దరం ఒకరికొకరు జాగ్రత్తలు చెప్పుకున్నాం.  తిరిగి వచ్చేటప్పుడు హైవే మీద ట్రాఫిక్ ఉంది. నేను వెనక సీట్లో నిద్రపోయాను.

కొన్నాళ్లు బాగాలేదు. దాని మంచం మీద ఉతికిన బట్టలు పెట్టేదాన్ని, తీసేదాన్ని. వర్క్ పర్మిట్ వచ్చాక ఫ్యాక్టరీ మానేసి ఒక పళ్ల డాక్టర్ దగ్గర రిసెప్షన్‌లో చేరాను. ఫోన్లు ఎత్తడం, అపాయింట్‌మెంట్లు ఇవ్వడం. కింద అమ్మాయిలు మారిపోయారు. ఒకతె బ్రాంప్టన్ వెళ్లింది, ఒకతె పెళ్లి చేసుకుని కాల్గరీ వెళ్లింది. వాళ్ల తర్వాత వచ్చినవాళ్లూ నన్ను ఆంటీ అనే అంటారు.

మా అమ్మాయి హైదరాబాద్‌లో సైకాలజీ డిగ్రీలో చేరింది. వాళ్ల నాన్నకి వంట రాదని అక్కడికి వెళ్లాక కనిపెట్టింది. మొదటి నెల రోజూ ఫోన్ చేసి పోపులో ఏది ముందు వేయాలని అడిగేది. రెండో నెల నుంచి అడగలేదు. తెలుగే మాట్లాడుతోంది, మధ్యలో నాకు తెలియని హైదరాబాద్ మాటలు పడుతున్నాయి.

రెండో ఏడాది డిసెంబర్‌లో ఇక్కడికి వచ్చింది, విజిటర్ వీసా మీద. వచ్చిన మొదటి మూడు రోజులు నిద్రపోయింది. చలికి తిట్టుకుంది. నాలుగో రోజు నాతో డాక్టర్ ఆఫీసుకి వచ్చి, నేను ఫోన్ మాట్లాడుతుంటే వెయిటింగ్ రూమ్‌లో పాత పత్రికలు తిరగేస్తూ కూర్చుంది. సాయంత్రం ఇద్దరం బస్‌స్టాప్‌లో నిలబడ్డాం.

"ఇండియాకి ఎప్పుడొస్తావ్?" అని అడిగింది.

"పీఆర్ కార్డు వచ్చాక చూద్దాం."

"అప్పటికి నేను ఎక్కడ ఉంటానో."

"ఎక్కడుంటే అక్కడికి వస్తాను. అడ్రస్ పెట్టు."

సరే అంది. బస్సు ఆలస్యంగా వచ్చింది, అందులో సీట్లు లేవు. ఇద్దరం కడ్డీ పట్టుకుని నిలబడి, ఇంటికి పోయి దోసెలు వేసుకోవాలా, బయట తినాలా అని మాట్లాడుకుంటూ వెళ్లాం. బయటే తిన్నాం.